పసుపు అంటిన అడవి ఉల్లి

ప్రతిదానికీ తేదీ వేయడం నాకు అలవాటు. గ్యాసు బండ మీద, మందు సీసా మీద, పచ్చడి జాడీ మూత మీద, చివరికి కొత్త చీపురు కట్ట మీద కూడా అది వాడకానికి తీసిన రోజు రాసిపెడతాను. మా తమ్ముడు రాజేశం ఎగతాళి చేస్తాడు. "అక్కా, నీ నెత్తి మీద గూడ ఒక చీటీ అంటియ్యి, ఎప్పటిదాక పనిచేస్తవో తెలుస్తది" అంటాడు. కానీ ఈ అధ్యాయంలో తేదీలు వేయను. ఇందులోని ముఖ్యమైన మనిషికి పుట్టిన తేదీ లేదు. బడిలో వేసేటప్పుడు ఏదో ఒకటి రాయాలి కనుక, ఆమె మా ఇంటికి వచ్చిన రోజునే పుట్టిన రోజుగా మా బాపు రాయించాడు. ఆమెకు లేని లెక్క నాకు మాత్రం ఎందుకు?

ఈ వానాకాలం మొదట్లో షాహీన్ మా ఇంటికి వచ్చింది. షాహీన్ నా దగ్గర చదువుకున్న పిల్ల. వాళ్ల నాన్నకు కరీంనగర్‌లో గడియారాల దుకాణం ఉండేది. ఇప్పుడు ఆమె నేను పనిచేసి దిగిపోయిన కాలేజీలోనే వృక్షశాస్త్రం చెబుతున్నది. తడవకుండా ప్లాస్టిక్ సంచిలో చుట్టిన పెద్ద అట్టల కట్టను బల్ల మీద పెట్టి, దుప్పట్టా కొంగుతో ముఖం తుడుచుకుంటూ, "మేడం, లిలియేసి మొత్తం తెచ్చిన. ఇగ దీన్ని పంచాలె" అన్నది. ఎండబెట్టిన మొక్కలను దళసరి కాగితాలకు కుట్టి, కింద మూలకు పేరు, ఊరు, కుటుంబం రాసిన చీటీ అంటించి దాచుకునే కాగితాలు అవి. ఆ కట్టలో సగం నేను చేర్చినవి. మిగతా సగంలో చాలావరకు మా బాపువి. నేను ఉద్యోగంలో చేరినప్పుడు బాపు తన కాగితాలను రెండు ట్రంకు పెట్టెల్లో పెట్టి కాలేజీకి ఇచ్చేశాడు.

లిలియేసి అంటే లిల్లీ కుటుంబం. నేను చదువుకున్నప్పుడు, చెప్పినప్పుడు కూడా, అది చాలా పెద్ద ఇల్లు. ఉల్లిగడ్డ, ఎల్లిగడ్డ, కలబంద, శతావరి అనే పిల్లిపీచర, అడవిలో వానాకాలం నిప్పులాగా పూసే నాభి, అడవి ఉల్లి అన్నీ అందులోనే ఉండేవి. ఎట్లా చేర్చారయ్యా అంటే, చూసి. ఆరు రేకలు, ఆరు కేసరాలు, రేకల పైన కూర్చున్న అండాశయం. ఈ మూడూ ఉంటే లోపలికి రానిచ్చేవాళ్లు. తర్వాత కాలం మారింది. ఆకు ముక్కలోని డి.ఎన్.ఏ. చదివి ఎవరు ఎవరికి నిజంగా పుట్టారో చెప్పే రోజులు వచ్చాయి. చూడటానికి ఒకలాగా ఉన్నంత మాత్రాన ఒక ఇంటివి కావని తేలింది. ఉల్లి, ఎల్లి ఒక కుటుంబానికి పోయాయి. కలబంద ఇంకో దానికి. నాభి మరో దానికి. పిల్లిపీచర పేరు మీదనే ఒక కొత్త కుటుంబం లేచింది, అడవి ఉల్లి దాంట్లో కలిసింది. మధ్యలో కొన్నాళ్లు అది ఇంకో కుటుంబంలో కూడా ఉండి వచ్చింది. ఆ పేరు కింద మిగిలిన అసలు లిల్లీలు చలికొండల్లో పెరిగేవి, మా వైపు లేవు. షాహీన్ అట్టలు ఒక్కొక్కటీ తీసి కుప్పలుగా పేరుస్తుంటే చూస్తూ కూర్చున్నాను. చివరికి "లిలియేసి" అని బాపు అక్షరాలతో ఉన్న పై అట్ట ఒక్కటే మిగిలింది. లోపల ఏమీ లేదు.

"మన దగ్గర ఒక్కటి గూడ మిగల్లే మేడం" అన్నది షాహీన్, అట్టను తిప్పి చూస్తూ.

మిగలదని నాకు ఎప్పుడో తెలుసు. ఉద్యోగం చివరి సంవత్సరాల్లో ఈ కొత్త పంపకాన్ని పిల్లలకు నేనే చెప్పాను. అది సరైనదే, నాకు సందేహం లేదు. అయినా తెలియడం వేరు, ఖాళీ అట్టను చేత్తో పట్టుకోవడం వేరు. ఆ వేళ నాకు కోపం రాలేదు, ఏడుపూ రాలేదు. ఒళ్లు అలిసినట్టయింది, అంతే.

కుప్పల్లో ఒకదాని మీద అడవి ఉల్లి అట్ట ఉన్నది. గడ్డ చుట్టూ కాగితం మీద అరచేతి వెడల్పున పసుపు మరక. "ఇది ఫంగసా మేడం? పారెయ్యాల్నా?" అని అడిగింది షాహీన్. "కాదు, పసుపు. కూరల వేసే పసుపు" అన్నాను. ఆ మరక వేసింది సోనక్క, పుట్టిన తేదీ లేదన్న మనిషి.

మాది వేములవాడ దగ్గరి ఊరు. బాపుకు సైన్సు పంతులుగా ఇచ్చోడలో ఉద్యోగం వస్తే, తాతగారి పొలం పాలికిచ్చి, మేము అవ్వ అని పిలిచే అమ్మనూ నన్నూ వెంటబెట్టుకుని ఆదిలాబాద్ జిల్లాకు పోయాడు. రోడ్డుకు కాస్త లోపలగా బెంగుళూరు పెంకుల ఇల్లు మాది. రెండు అర్రలు, ముందు వసారా. వానాకాలం వచ్చిందంటే ఆ ఇంటికి ఒక వాసన ఉండేది. తడిసిన వార్తాపత్రికల వాసన, కట్టెల పొగ, వాటి మధ్య ఎక్కడో నలిగిన ఆకు. బాపు సెలవురోజు సైకిలు మీద పోయి మొక్కలు తెచ్చేవాడు. వాటిని పాత పేపర్ల మధ్య పరిచి, పైన చెక్క, చెక్క మీద సన్నికల్లు. ప్రతి సాయంత్రం పేపర్లు మార్చాలి. తడి పేపర్లను పొయ్యి చుట్టూ ఆరబెట్టి, ఆరినవాటిని వేడివేడిగా మొక్కల మధ్య పెట్టాలి. ఇంట్లో అన్నం ఆలస్యమైనా పేపర్ల మార్పు ఆలస్యం కావడానికి వీల్లేదు. అవ్వ గొణిగేది. "నా సన్నికల్లు ఎప్పుడిస్తవయ్యా? చెట్లకు పానం పోయింది సరే, మా నోళ్లకు తొక్కు గూడ లేకపాయె."

గడ్డం గీసుకున్న బ్లేడును బాపు పారేసేవాడు కాదు. అగ్గిపెట్టెలో దాచి, దాంతో పూవును నిలువుగా కోసి, భూతద్దం కింద పెట్టి నన్ను పిలిచేవాడు. నేను ఎక్కాల లాగా అప్పజెప్పాలి. ఆరు రేకలు, ఆరు కేసరాలు, మీద కూర్చున్న అండాశయం. తప్పితే చెవి మెలిపెట్టేవాడు. ఒకసారి అవ్వ వేములవాడ నుంచి దేవుని దండలోని లిల్లీ పూలు తలలో పెట్టుకుని వచ్చింది. మనవాళ్లంతా లిల్లీ అని కొనే ఆ తెల్ల పూవును బాపు ఆమె జడలోంచే తీసి, కోసి చూపించాడు. "దీని అండాశయం కిందికుంది. ఇది లిల్లీ కాదు, మనింటిది గాదు, బయట" అన్నాడు. అవ్వ జడ సర్దుకుంటూ, "దేవుడు తీసుకున్నడు గని నువ్వు రానియ్యవా?" అన్నది.

సోనక్క మా ఇంటికి పత్తి ఏరే రోజుల్లో వచ్చింది. ఆమె తల్లిదండ్రులు పెనుగంగ అవతలి నుంచి కూలికి వచ్చిన మరాఠీ మనుషులు. తల్లి జ్వరంతో చనిపోయింది. తండ్రి, చుట్టాలను తీసుకొస్తానని పిల్లను మా అవ్వ దగ్గర కూర్చోబెట్టి పోయాడు, తిరిగి రాలేదు. నాకంటే నాలుగైదేళ్లు పెద్దది. మొదట అవ్వను "కాకీ" అని, పిన్ని అనే అర్థంలో, మరాఠీలో పిలిచేది. ఒక పండుగ దాటేసరికి అవ్వ అనడం వచ్చింది, ఇంకో పండుగకు బాపు అనడం కూడా వచ్చింది. పక్కింటి దేశ్‌ముఖ్ ఇంటావిడ ఒకనాడు గోడ మీదుగా, "పంతులమ్మా, పనిపిల్లను మంచిగనే సంపాయించుకున్నవ్" అన్నది. అవ్వ బియ్యం చెరుగుతూ తల ఎత్తలేదు. "పనిపిల్లయితే నీ ఇంటికి గూడ పంపుతుంటి అమ్మా, నాలుగు గిన్నెలు తోముతుండె. నా పెద్దబిడ్డ గాబట్టి నా ఇంట్లనే చేస్తున్నది" అన్నది. నిజం చెప్పాలంటే నీళ్లు సోనక్కే తెచ్చేది, నేను చదువుకునేదాన్ని. బడిలో ఆమె నాలుగో తరగతి దాటలేదు. ఆ తేడా మా ఇంట్లో ఉండేది. లేదని రాస్తే అబద్ధం అవుతుంది. కానీ కంచాలు ఒకే వరుసలో పెట్టేవాళ్లు, దెబ్బలూ ఒకే వరుసలో పడేవి.

ఉల్లిజాతి గడ్డలకు ఒక గుణం ఉన్నది. అవి పేపర్ల మధ్య కూడా చావవు. ఒకసారి బాపు తెచ్చిన అడవి ఉల్లి, మీద సన్నికల్లు ఉండగానే మొలకెత్తి, చెక్కల సందులోంచి పచ్చటి కొన బయటపెట్టింది. పొద్దున్నే ఊడ్వబోయిన అవ్వ దాన్ని పసిరిక పామనుకుని చీపురు పారేసి వీధిలోకి పరుగెత్తింది. ఆ తర్వాత బాపు ఒక పద్ధతి పెట్టాడు. గడ్డ తేగానే మరిగే నీళ్లలో ఒకసారి ముంచి తీయాలి, అప్పుడే దాని ప్రాణం పోతుంది. ఎండాకాలం చివర, ఆకు లేకుండా పూత కాడ ఒక్కటే లేచిన అడవి ఉల్లిని బాపు ఎక్కడో గుట్ట మీద తవ్వి తెచ్చాడు. ఎండలో సైకిలు తొక్కి తొక్కి వచ్చినవాడు, వసారాలో కూలబడి, "సోనీ, నీళ్లు మసలబెట్టి దీన్ని అండ్ల ముంచు బిడ్డా" అన్నాడు. స్నానం చేసి వచ్చేసరికి ఇల్లంతా ఏదో చేదు వాసన. సోనక్క పొయ్యి ముందు గంటె పట్టుకుని కూర్చున్నది.

"ఏం జేస్తున్నవే?"

"ఉడకవెట్టిన బాపూ. ఉప్పు, పసుపు ఏసిన. కారం ఏసుడు ఒక్కటే ఉన్నది. ఎల్లిగడ్డ తాలింపు పెట్టాల్నా?"

మసిలే నీళ్లలో ఉల్లిగడ్డ వేయమంటే ఉప్పూ పసుపూ వేయడం ఆమెకు చేతికి వచ్చిన పని. అందులో ఆమె తప్పేమున్నది? కానీ అది విషపు గడ్డ. బాపు చప్పున గిన్నె దింపి, గడ్డను బయటికి తీసి, దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు. తిడతాడనుకున్నాను. "తాలింపు పెట్టలేవు, అదృష్టం. పెడితే అందరం సన్నికల్లు కిందికే పోతుంటిమి" అని నవ్వడం మొదలుపెట్టాడు. అవ్వ నవ్వింది, నేను నవ్వాను, అప్పుడే నడక నేరుస్తున్న రాజేశం ఎందుకో తెలియకుండానే చప్పట్లు కొట్టాడు. సోనక్క మాత్రం కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. మళ్లీ అంత ఎండలో పోలేక బాపు ఆ గడ్డనే ఎండబెట్టి కాగితానికి కుట్టాడు. పసుపు కాగితానికి దిగింది. పై ఊరి నుంచి వచ్చిన ఒక సైన్సు పంతులు చూసి, "ఇదేం సార్, కూర అంటిచ్చినవా?" అంటే, బాపు ముఖం చిట్లించకుండా, "మా పెద్దపిల్ల వండింది. పసుపున్నకాడ పురుగు రాదు" అన్నాడు. ఆ మాట నిజమయింది. మిగతా అట్టల్లో చాలావాటిని పురుగు తిన్నది. దాన్ని ముట్టలేదు.

రాజేశం వేములవాడ రాజన్నకు మొక్కుకుంటే పుట్టినవాడు, అందుకే ఆ పేరు. మొక్కు తీర్చుకోవడానికి పోయినప్పుడు కోడె తాడును ఇంటిల్లిపాదీ పట్టుకుని గుడి చుట్టూ తిరగాలి. సోనక్క వెనకాల చెప్పులు కాస్తూ నిలబడితే అవ్వ కేకేసింది. "ఏందే గాడ నిలవడ్డవ్? తాడు పట్టు." సోనక్క చంకలో రాజేశాన్ని పెట్టుకుని, ఒక చేత్తో తాడు పట్టుకుని తిరిగింది. వాడు ఆమె చంక దిగేవాడు కాదు. ఎల్లిగడ్డ తాలింపు లేనిదే పప్పు ముట్టేవాడు కాదు. వాడి ఒక్కడి కోసం గంటెలో నూనె కాచి, ఎల్లిగడ్డ చిదిమి, చుయ్యిమని వాడి గిన్నెలో పోసేది ఆమె. తర్వాత ఇచ్చోడలోనే లారీ టైర్లకు పంక్చర్లు వేసే మనిషికి ఇచ్చి పెళ్లి చేశారు. పీటల మీద కూర్చుని అల్లుని కాళ్లు బాపే కడిగాడు. మేము కరీంనగర్ వచ్చేశాక రాకపోకలు తగ్గాయి. అవ్వ ఉన్నన్నాళ్లు ఏడాదికోసారి చీర పోయేది. అవ్వ తర్వాత నేను పంపుతూ వచ్చాను.

ఇదంతా షాహీన్‌కు చెప్పలేదు. మరక పసుపుదని మాత్రం చెప్పాను. ఆమె అసలు అడగవలసింది వేరే ఉన్నది. "మేడం, ఒక్కో అట్ట మీద రెండు, మూడు చీటీలైనయ్. చూడ్డానికి గలీజుగ ఉంది. పాతవి తీసేసి కొత్త కుటుంబం పేరుతో ఒక్కటే నీట్‌గ పెడ్దామా? మా పిల్లలు రెండిటికి పీకిన్రు గూడ." నేను కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టాను. ఆ పని ఎక్కడా చేయరు. కొత్త పేరు వస్తే కొత్త చీటీ రాసి పక్కన అంటించాలి, పాతదాన్ని ముట్టకూడదు. అది ఈ పనిలో మొదటి నియమం. నాకు బాపు చెప్పిన మాటల్లోనే ఆమెకు చెప్పాను. "పాత చీటీ పీకుతే ముందటోడు ఏమనుకున్నడో ఎట్ల తెలుస్తది? తప్పయినా ఉండని. పక్కపొంటి నీది పెట్టు." షాహీన్ తల వంచుకుని, "సారీ మేడం. కొత్త చీటీలు మీ చేత్తోనే రాసియ్యండి, అప్పుడు ఎవ్వరు పీకరు" అని కట్టను నా దగ్గరే వదిలి పోయింది.

రెండు రోజుల తర్వాత రాజేశం వచ్చాడు. మనవరాలి ఎంగేజ్‌మెంటు కార్డు ఇచ్చి, బల్ల మీది కుప్పలు చూసి ఏమిటని అడిగాడు. చెప్పాను. ఉల్లికి, లిల్లీకి చుట్టరికం లేదని తేలిందంటే వాడికి నవ్వొచ్చింది. "అయితే ఇన్నేండ్లు ఒక్క ఇంట్ల ఉన్నది ఉత్తదేనా? రక్తం జూసి ఎల్లగొట్టిన్రా?" అన్నాడు. వెళ్లగొట్టడం కాదురా, ఎవరిల్లు వాళ్లకు చూపించడం అన్నాను. బాపు లిల్లీ కాదని బయట నిలబెట్టిన దేవుని దండ పూవు, బాపు లోపలికి రానిచ్చిన అడవి ఉల్లి ఇప్పుడు ఒకే కుటుంబంలో ఉన్నాయని కూడా చెప్పాను. వాడు అప్పటికే ఫోను చూసుకుంటున్నాడు.

ఎంగేజ్‌మెంటుకు రెండు రోజుల ముందు, పొద్దున్నే ఇచ్చోడ నుంచి ఫోను వచ్చింది. సోనక్క కొడుకు దత్తు. మరాఠీలో తల్లిని ఆయి అంటాడు, నన్ను పిన్ని అనే అర్థంలో మావశీ అంటాడు.

"మావశీ, ఆయి పోయింది. రాత్రి మంచిగనే రొట్టె తిన్నది. పొద్దుగాల లేపుతే లేవలే. సాయంత్రం తీద్దామంటున్నరు. తల్లిగారింటి చీర ఏదని చుట్టాలు అడుగుతున్నరు. మీరు పెద్దమనిషి, అంత దూరం ఎట్ల వస్తరు? నేనే ఈడ దుకాణంల కొంట. మీ ఇంటికెళ్లి వచ్చిందని చెప్పుకోవచ్చునా అని అడుగుదామని చేసిన."

ఆడమనిషి చనిపోతే పుట్టింటివాళ్లు తెచ్చిన చీర కప్పనిదే శవాన్ని లేపరు. ఆ చీర రాకపోతే, ఆమెకు ఎవరూ లేరని ఊరంతా చూసినట్టు. అరవై ఏళ్లు దాటిన కొడుకు, అబద్ధం చెప్పుకోవడానికి నన్ను అనుమతి అడుగుతున్నాడు. "కొనకు. నేను తెస్తున్న" అన్నాను.

రాజేశానికి ఫోను చేశాను. సోనక్క పోయిందంటే, "అయ్యో, మంచి మనిషి" అన్నాడు. చీర తీసుకుని పోవాలి, వస్తావా అన్నాను.

"అక్కా, ఎల్లుండి పిల్ల ఎంగేజ్‌మెంటు."

"ఆడబిడ్డ పోతే తల్లిగారింటికి మూడు రోజుల మైల ఉంటది. నాలుగు రోజులు ఆగి చేసుకోండ్రి."

"మైల ఏందక్కా? మనకేం మైల? ఆమె మనకు పాలా, రక్తమా?"

"బాపు కాళ్లు కడిగి ఇచ్చిండు."

"పుణ్యానికి ఇచ్చిండు. గుళ్లె సామూహిక పెండ్లిల్లు చేసేటోళ్లు గూడ కడుగుతరు. వాళ్లందరు మైల వడుతున్నరా?"

"నువ్వు నడక నేర్చింది ఆమె ఏలు పట్టుకొని."

"నడక నేర్పితే మైల వస్తదా? మొన్న నువ్వే జెప్తివి గదా, చెట్లను గూడ రక్తం జూసే పంచుతున్నరని. నువ్వు చెప్పింది చెట్లకేనా, మనకు గాదా?" వాడి గొంతులో కోపం లేదు, భయం ఉంది. "వరంగల్‌ల పిల్లగానోళ్లు అందరికీ చెప్పుకున్నరు. ఇప్పుడు చావు, మైల అంటె ఏమనుకుంటరు? శకునం బాగలేదంటరు. పిల్ల పరేషానైతది. నువ్వు పో, నేనొద్దంటలేను. కని మైల గీల అని ఎవ్వలకు చెప్పకు."

నాకు పెళ్లి కాలేదు. బాపు ఇంటిపేరే నాది, వాడిదీ అదే. నాకు మైల ఉంటే వాడికీ ఉంటుంది, నాకు లేకపోతే వాడికీ లేదు. ఆ లెక్క మా ఇద్దరికీ తెలుసు. "నేను ఎవ్వలకు చెప్ప. అడిగితే అబద్ధం గూడ చెప్ప. నాకు మైల ఉన్నది" అని పెట్టేశాను. రక్తం చూసి పంచడమే సరైనదని ఇన్నేళ్లు చెప్పినదాన్ని నేనే.

బీరువాలో సిరిసిల్ల నేత చీర ఉంది, ఆకుపచ్చ అంచు తెల్లది. దసరాకు ఆమెకు పంపుదామని కొన్నది. అద్దె కారులో జగిత్యాల, నిర్మల్ మీదుగా పోయాను. ఈ వయసులో ఆ దారి నడుముకు భారమే. మేమున్న పెంకుటిల్లు ఉన్నచోట ఇప్పుడు హోటలు ఉన్నది, దాని ముందు లారీలు ఆగుతాయి. వాన వాసన ఉంది గానీ పేపర్ల వాసన లేదు. దత్తు ఇంటి ముందు పందిరి కింద ఆమెను పడుకోబెట్టారు. నాకంటే పొడవుగా ఉండే మనిషి, చిన్నపిల్ల అంత అయింది. ఒక ముసలామె నన్ను చూసి, "తల్లిగారోళ్లు వచ్చిన్రా?" అని గట్టిగా అడిగింది. దత్తు నా చేతిలోని చీరను రెండు చేతులతో అందరికీ కనిపించేటట్టు ఎత్తి పట్టుకుని, "వచ్చిన్రు. మా మావశీ వచ్చింది" అన్నాడు. వాడు ఆ ఒక్క మాట కోసమే పొద్దున్నుంచి నిలబడి ఉన్నట్టున్నాడు, చెప్పగానే కూలబడ్డాడు. నేను చీర మడతలు విప్పి కప్పాను. అంచు సరిగా వచ్చిందో లేదో చూసి, వంకరగా ఉంటే మళ్లీ సర్దాను. ఆమె పాదాలు బయటికి కనిపిస్తున్నాయి, వాటి మీదికి లాగాను.

మర్నాడు మా ఇంట్లో పప్పు వండి తాలింపు పెట్టలేదు. మైల రోజుల్లో పోపు వేయకూడదని అవ్వ పెట్టిన నియమం. పసుపు, ఉప్పు, అంతే. చప్పటి పప్పన్నం తింటూ, ఇంత పాటింపు ఎవరి కోసమని ఒకసారి అనుకున్నాను. చూసేవాళ్లు ఎవరూ లేరు. సాయంత్రం షాహీన్ చీటీల కోసం వచ్చింది. మైల ఉంది, లోపలికి రాకూడదేమో అన్నాను. "మాకు గవ్వేం లేవు మేడం" అని వచ్చి కూర్చుని, నీళ్లు తాగి, ఎవరు పోయారని అడిగింది. మా అక్క అన్నాను. మీకు అక్క ఉన్నట్టు ఎప్పుడూ చెప్పలేదే అని ఆమె అడగలేదు. నా పక్కన కూర్చుని జిగురు సీసా మూత తిప్పింది. అడవి ఉల్లి అట్టకు కొత్త చీటీ రాశాను. కొత్త కుటుంబం, నా పేరు, తేదీ. బాపు చీటీ పక్కనే, పసుపు మరకను కప్పకుండా, చోటు చూసి అంటించాను. మరకను గురించి చీటీలో రాయడానికి గడి లేదు, రాయలేదు.

మూడో రోజు పొద్దుగూకే వేళ రాజేశం వచ్చాడు. ఫంక్షన్ హాలు నుంచి నేరుగా వచ్చినట్టున్నాడు. నొసట బొట్టు, కొత్త తెల్ల చొక్కా, చేతిలో మిఠాయి డబ్బా. లోపలికి రమ్మన్నాను. వాడు గడప దగ్గర ఆగిపోయాడు.

"వద్దక్కా. ఈడనే ఉంట."

"కూసో మరి. నీళ్లు తెస్త."

"నీళ్లద్దు."

వాడు బయట అరుగు మీద కూర్చున్నాడు, నేను లోపల కుర్చీలో. మధ్యలో గడప. అంతా బాగా జరిగిందన్నాడు. నువ్వెందుకు రాలేదని వరంగల్‌వాళ్లు అడిగితే, ఒంట్లో బాగాలేదని చెప్పానన్నాడు. వంటింటి వైపు చూసి, గాలి పీల్చి, "తాలింపు పెట్టలేవా?" అన్నాడు.

"లేదు."

"చీర ఏదిచ్చినవ్?"

"సిరిసిల్లది. ఆకుపచ్చ అంచుది."

వాడు తల ఊపాడు. మిఠాయి డబ్బాను నాకు ఇవ్వబోయి, చెయ్యి గడప దాకా చాపి, ఏదో గుర్తొచ్చినట్టు వెనక్కి తీసుకున్నాడు. మిఠాయి మైల ఇంట్లోకి ఇవ్వరు. డబ్బాను ఒళ్లో పెట్టుకుని కాసేపు దారాన్ని తిప్పుతూ కూర్చున్నాడు. మైల లేదని ఫోనులో అంత గట్టిగా చెప్పిన మనిషి. ఆ మాట వాడికి గుర్తు చేద్దామా అనుకున్నాను. ఓపిక లేకపోయింది.

"పోయొస్తక్కా" అని లేచాడు. లేచి, "పోత" అని సవరించుకున్నాడు. చావు జరిగిన ఇంటి నుంచి పోయేటప్పుడు పోయొస్త అనకూడదు. గేటు దాకా పోయి, కారు తలుపు తీసి, మళ్లీ వెనక్కి వచ్చాడు. వాకిట్లో నల్లా తిప్పి, ప్యాంటు పైకి మడిచి, చావింటి నుంచి పోయేవాళ్ల లాగా రెండు కాళ్లూ కడుక్కున్నాడు. మడమల దాకా, నిదానంగా. తర్వాత నా వైపు చూడకుండా కారెక్కాడు.